పడినవాళ్ల వైపు

షెడ్డు తెరిచిన 2204వ రోజు

ఈ లాగ్ పుస్తకం రాయమని నన్నెవరూ అడగలేదు. పటాలంలో పన్నెండేళ్లు చట్రాల మెకానిక్‌గా చేశాను. ఏ నట్టు ఏ రోజు బిగించానో రాసిపెట్టకపోతే నాకు అన్నం సయించదు. అది జబ్బే అంటాడు షెడ్డులో నాకు సాయంగా ఉండే దుర్యోధన. జబ్బయితే అయింది, రాస్తాను.

ఈ రోజు తొమ్మిది చట్రాలకు మోకాలి కీళ్లు తుడిచి నూనె వేశాం. సముద్రం మా మెట్ట కిందిదాకా వచ్చి ఆగినప్పటి నుంచి గాలి నిండా ఉప్పే. వారం వదిలేస్తే కీళ్లు పట్టేస్తాయి. పైకప్పు మీద ఎండ పలకలు కడిగాం. పదకొండింటికి ఎండ సైరన్ మోగేలోపు అందరం నీడకు చేరాం. మళ్లీ నాలుగింటి దాకా ఎవరూ బయట కాలు పెట్టకూడదు కాబట్టి తీరిగ్గా కూర్చుని అసలు పని మొదలుపెట్టాను.

చట్రం అంటే నడుము నుంచి పాదం దాకా పట్టీలతో బిగించుకునే ఇనప కాళ్లు. యుద్ధంలో సిపాయిల కోసం చేయించారు, యుద్ధం అయ్యాక గోదాముల్లో గుట్టలు పోశారు. ఆ గుట్టల్లోంచి తెచ్చి, తుపాకీ కొక్కేలు పీకేసి, నడవలేనివాళ్లకు తొడగడమే మా షెడ్డు పని. తొడుక్కున్నవాళ్లు వారానికి ఒక పూట ఇక్కడికొచ్చి ఇంకొకరి చట్రం బాగుచేయాలి. అదొక్కటే షరతు. ఈ కాలనీలో ముప్పై నాలుగు మంది అలా నడుస్తున్నారు.

ప్రతి చట్రమూ ఏళ్ల తరబడి ఒక సిపాయి ఒంటిమీద నడక నేర్చుకుంది. ఆ నడక తుడిచేశాకే వాడమని గోదాము వాళ్లు కాగితం ఇస్తారు. నేను తుడవను. తుడిచిన చట్రం ఆరు నెలలు అప్పుడే పుట్టిన దూడలా తూలుతుంది. సిపాయి నడక ఉన్నది మొదటిరోజే తిన్నగా నడుస్తుంది, మనిషి కాస్త ముందుకు వాలితే చాలు. అయినా మావాళ్ల నడక తుడవడానికి నాకు చేతులెలా వస్తాయి?

ఇప్పుడు అసలు పని. పోయిన నెల మా చట్రాలవాళ్లలో ముసలి లచ్చయ్య ఇంటి వెనక పడిపోయి, ఎవరూ చూడక మూడు గంటలు ఎండలో ఉన్నాడు. అది నా మనసులో ముల్లులా ఉండిపోయింది. చట్రాలన్నిటికీ కబురు పంపే పెట్టె ఒకటి షెడ్డులో ఉంది, దాని మీద ‘తోడు’ అని ఒక మీట ఉంది. అది వేస్తే చట్రాలన్నీ ఎక్కడెక్కడున్నాయో ఒకదానికొకటి చెప్పుకుంటాయి, ఎవరైనా పడి పది సెకన్లలో లేవకపోతే చుట్టుపక్కల ఉన్నవాటికి తెలుస్తుంది. పటాలంలో దాన్ని ఒకే ఒక్కసారి వాడాం. ఈ రోజు ఆ పెట్టె నుంచి ముప్పై నాలుగింటికీ ఒకేసారి తోడు వేశాను.

"అవల్దారమ్మా, మరింక మాం దొంగతనంగా కల్లుకి ఎల్లినా తెలిసిపోతాదన్నమాట," అన్నాడు దుర్యోధన. తాటిచెట్టు మీంచి పడి నడుం విరగ్గొట్టుకున్నవాడు, ఇంకా కల్లు ఊసు మానలేదు.

2209వ రోజు

తోడు పనిచేసింది! జీడిపిక్కల కల్లంలో నీలమ్మ జారిపడింది. ఆమె మళ్లీ లేచే ప్రయత్నం చేసేలోపే నీళ్ల బండి దగ్గర వరుసలో ఉన్న ముగ్గురు బిందెలతో సహా ఆమె దగ్గరికి వచ్చేశారు. ముగ్గురూ చట్రాలవాళ్లే.

"ఎవులు పిలిసినారో తెల్దు గానీ ఒచ్చీసినాం," అని వాళ్లలో వాళ్లే నవ్వుకున్నారు.

నేను రోజంతా గాల్లో తేలాను. ఆరేళ్లలో షెడ్డు చేసిన పనులన్నిటిలో ఇదే గొప్పదనిపించింది.

2213వ రోజు

రత్నాలు వచ్చి గొడవ పెట్టుకుంది. నలభై ఏళ్లుంటాయి, చిన్నప్పుడే ఎడమకాలు పడిపోయింది, నోరు మాత్రం ముగ్గురికి సరిపోతుంది.

"ఓలమ్మా, నాను కూరొండుతన్నానమ్మా. కాల్లు లేసి ఎలిపోనాయి! నన్నడగనేదు. ఈదిలో ఎవడో పడ్డాడట, తిన్నగా ఆడి కాడికి ఒట్టుకెలిపోనాయి. కూర బొగ్గయిపోనాది."

"నీ మనసు వెళ్లమంది రత్నాలూ, కాళ్లు విన్నాయి, అంతే."

"నా మనసేటి? నా మనసు కూర కాడే ఉన్నాది."

షెడ్డంతా నవ్వాం. నేనూ నవ్వాను. మంచిపని చేసి కూడా తిట్టుకునే మనిషని ఆమెకు పేరు పెట్టాను. ఆ మాట ఇక్కడ రాసి ఉంచుతున్నాను, ఎందుకు రాస్తున్నానో తెలియదు.

2216వ రోజు

వరద శిబిరాలు నడిపే సంస్థ నుంచి సుభాషిణి గారని ఒకావిడ వచ్చింది. వాళ్ల శిబిరాల్లో రెండు వేల చట్రాలు ఉన్నాయట, అన్నిటికీ తోడు వేయించాలని ఉందట. షెడ్డంతా తిరిగి చూసి, అందరూ అడిగేదే అడిగింది. "సైన్యంలో హవల్దారు, ఇటు ఈ సేవ. ఎలా వచ్చారండీ ఇందులోకి?"

ఈ కథ నేను వందసార్లు చెప్పి ఉంటాను. తొమ్మిదేళ్ల కిందట, ఉప్పు మైదానం. మా దళంలో పోలినాయుడు మైను మీద కాలు వేసి పడ్డాడు. అతన్ని తీసుకురావడానికి పదిమంది ఒకరి వెనక ఒకరు అదే దారిలో మైన్లలోకి వెళ్లారు. నాలుగు నిమిషాల్లో పదకొండు మంది పోయారు. నేను ఆరు వందల మీటర్ల వెనక, చట్రాల పెట్టె దగ్గర ఉండి చూశాను. పదిమంది ఇళ్లకూ ఉత్తరాలు నేనే రాశాను. నాలుగోవాడు గవరయ్య. అతని ఉత్తరం మాత్రం చేతికే ఇద్దామని దాచుకుని, యుద్ధం అయ్యాక, మూడేళ్లకు ఈ ఊరు వచ్చాను. వచ్చి చూస్తే వాళ్లమ్మ మినమ్మ పక్షవాతంతో ఐదేళ్లుగా మంచం దిగలేదు. తోటివాడి కోసం కొడుకు ప్రాణమిచ్చాడు, తల్లికి లేచి నిలబడే దిక్కు లేదు. మర్నాడే గోదాముకు పోయి మొదటి చట్రం తెచ్చాను. షెడ్డు అలా పుట్టింది.

సుభాషిణి గారు కళ్లు తుడుచుకుంది. అప్పటి వరకు పక్కనే కూర్చుని పట్టీలు కుడుతున్న మినమ్మత్త సూది కింద పెట్టి, లేచి ఇంటికి వెళ్లిపోయింది. ఎప్పుడూ అంతే, ఈ కథ వస్తే కూర్చోదు. దుఃఖం ఇంకా పచ్చిగా ఉందనుకుంటాను.

2221వ రోజు

జరిగింది జరిగినట్టు రాయాలి.

ఉదయం ఎనిమిదిన్నర. లచ్చయ్య పీతల బుట్ట ఎత్తడానికి గెడ్డకు వెళ్లాడు. కాలనీ కింద పారే ఆ వాగులోకి పొద్దున పూట సముద్రం పోటు ఎక్కుతుంది. గట్టు విరిగి అతను బురదలో పడ్డాడు. పద్నాలుగు కిలోల ఇనుము కాళ్లకు ఉంది, లేవలేకపోయాడు.

నేను షెడ్డులో ఉన్నాను. మొదట వీధిలో కేకలు వినిపించాయి. బయటికొచ్చి చూస్తే రత్నాలు, నీలమ్మ, ఇంకో ముగ్గురు, వాళ్ల వెనక దుర్యోధన, అందరూ ఒకే అడుగుతో గెడ్డ వైపు దిగుతున్నారు. అది మా దళం అడుగే, నాకు బాగా తెలుసు. ముఖాలు మాత్రం వెనక్కి తిరిగి ఉన్నాయి. అందరూ నా వైపు చూసి అరుస్తున్నారు.

"ఆపమ్మా! ఆపు! ఓలమ్మో, ఆపు!"

రత్నాలు దారిలో ఉన్న కంచె రాట పట్టుకుంది. కాళ్లు ఆగలేదు. రాట ఊడి చేతిలోకి వచ్చింది. ఆ రాటతోనే నీళ్లలోకి దిగింది.

నేను గెడ్డకు పరిగెత్తాను. పెట్టె రెండడుగుల దూరంలో ఉండగా దాన్ని వదిలి మనుషుల వైపు పరిగెత్తాను. సిపాయి బుద్ధి. ఆ మీట తీసేసి ఉంటే ఆరుగురూ అక్కడికక్కడ ఆగిపోయేవాళ్లు.

దుర్యోధనే కాపాడాడు. తాటిచెట్టు ఎక్కేవాళ్లకు మొలలో గీత కత్తి లేకపోతే బట్ట కట్టుకున్నట్టుండదు. ఎక్కడం మానేసి ఏడేళ్లయినా వాడు కత్తి మానలేదు. నీళ్లు రొమ్ముదాకా వచ్చేసరికి ముందు తన పట్టీలు కోసుకున్నాడు, తర్వాత మునుగుతూ తేలుతూ ఒక్కొక్కరివీ కోశాడు. పట్టీలు తెగిన చట్రాలు మనుషుల్ని వదిలేసి నీళ్లలోకి నడిచిపోయాయి. పడవలవాళ్లు వచ్చి ఐదుగురినీ దుర్యోధననూ గట్టుమీదికి లాగారు.

లచ్చయ్యను మధ్యాహ్నం తీశారు. ప్రాణం లేదు. అతని కోసమే ఆ మీట వేశాను నేను.

2222వ రోజు

తోడు తీసేశాను. సుభాషిణి గారికీ, మా దగ్గర చట్రాలు తీసుకున్న ప్రతి ఊరికీ కబురు పంపాను, తోడు వేయకండి, వేసి ఉంటే ఈ క్షణమే తీసేయండి అని. జవాబులు వచ్చాయి, ఇంకా ఎవరూ వేయలేదు.

దుర్యోధనను చూడటానికి వెళ్లాను. గోడకు ఆనుకుని కూర్చున్నాడు, వేళాకోళం లేదు, ఏమీ లేదు.

"నిన్న నువ్వు భలే ధైర్యంగా వెళ్లావు," అన్నాను. ఏదో ఒకటి అనాలి కదా.

వాడు నా ముఖంలోకి చూశాడు. "నాను ఎల్నేదమ్మా. అది నన్ను ఒట్టుకెల్నాది. నీల్లంటే నాకు బయం. లచ్చయ్య తాత కాదు, మా బాబే పడిపోనా నాను దిగను. సిగ్గుపడీది ఏటున్నాది, బయం అంటే బయమే. ఎనక్కి ఎంత వాలినా అది ఇననేదు."

ఇంటికొచ్చి మంచం మీద కూర్చున్నాను. ఏదో తెలిసిపోతోంది, తెలుసుకోవడం ఇష్టం లేదు.

2223వ రోజు

పరీక్ష పెట్టాను. రెండంటే రెండు చట్రాలకు తోడు వేశాం. ఒకటి నేను తొడుక్కున్నాను. నా కాళ్లు బాగున్న కాళ్లే, పన్నెండేళ్లు చట్రాలకు మరమ్మతు చేశాను గానీ తోడు వేసి ఒక్కనాడూ తొడుక్కోలేదు. రెండోది తొడుక్కుని దుర్యోధన షెడ్డు అవతల చాప మీద పడుకున్నాడు. పెట్టె దగ్గర రత్నాలును కూర్చోబెట్టి, నేను చెయ్యి ఎత్తితే మీట తీసేయమన్నాను. నేను షెడ్డు గుమ్మం రెండు చేతులతో పట్టుకున్నాను.

ఎనిమిది, తొమ్మిది, పది.

కాళ్లు లేచాయి. నేను ఆగాలనుకున్నాను. వెనక్కి వాలాను, గుమ్మం పట్టు వదల్లేదు, అరచేతుల తోలు ఊడింది, వేళ్లు జారాయి. తర్వాత నడిచాను. నలభై అడుగులు, తిన్నగా, ఒక్క తూలు లేకుండా. నా ఒంట్లో నేను లేనట్టుంది. చెయ్యి ఎత్తాలన్న సంగతే మర్చిపోయాను. రత్నాలు నన్ను చూసి తనే మీట తీసేసింది.

"సూసినావా?" అంది. కోపంగా కాదు, మెల్లగా అంది.

నేను దుర్యోధన పక్కన నేల మీద కూలబడ్డాను. అప్పుడు ఉప్పు మైదానం మొత్తం నా కళ్ల ముందు మళ్లీ నడిచింది.

ముందురోజు మేజరు వచ్చి తోడు వేయమన్నాడు. ‘ఎవరు ఎక్కడున్నారో తెలుస్తుంది’ అన్నాడు. నేను వేశాను. అంతకుమించి ఏం చేస్తుందని నేను అడగలేదు, మాన్యువల్ తిప్పలేదు. పోలినాయుడు పడ్డాడు. పది సెకన్లు. తర్వాత పదిమంది ఒకే అడుగుతో, ఒకరి వెనక ఒకరు. మైన్లు ఉన్నాయని తెలిసిన దారిలో వరుసగా, తొందర లేకుండా నడిచారు. పరిగెత్తలేదు! తొమ్మిదేళ్లు ఆ సంగతి నాకెందుకు తట్టలేదు? తోటివాడి కోసం ప్రాణాలకు తెగించినవాళ్లు పరిగెత్తరా?

రేడియోలో కేకలు వచ్చాయి. పోలినాయుణ్ని పిలుస్తున్నారనుకున్నాను. గవరయ్య రెండు చేతులూ వెనక్కి చాచాడు. ‘వెనకవాళ్లను రమ్మని పిలుస్తూ ముందుకు సాగాడు’ అని వాళ్లమ్మకు ఉత్తరంలో రాశాను. నా చేత్తో రాశాను. అతను పట్టుకోవడానికి ఏదైనా దొరుకుతుందేమోనని చాచాడు.

ఆ నాలుగు నిమిషాలూ పెట్టె నా ముందే ఉంది. మీట జానెడు దూరంలో ఉంది. నేను దుర్భిణీ పట్టుకుని, ఏడుస్తూ, వాళ్ల వీరత్వం చూస్తున్నాను.

పదిమందిని చంపింది నేను. చంపి, పొగుడుతూ ఉత్తరాలు రాశాను. ఆ ఉత్తరాల మీద షెడ్డు కట్టాను.

2224వ రోజు

ఏమీ పని చేయలేదు. షెడ్డు దుర్యోధన తెరిచాడు.

చెప్పకుండా ఉండొచ్చు. రోజంతా అదే ఆలోచించాను. తోడు తీసేశాం, ఇంక ఎవరికీ ప్రమాదం లేదు. మినమ్మత్తకు డెబ్బై నాలుగేళ్లు. కొడుకు వీరుడన్న మాట ఒక్కటే ఆమెకు మిగిలింది, అది కూడా లాక్కోవాలా? దుర్యోధనను అడిగాను.

"ఆవిడ కోసం సెప్పవో, నీ కోసం సెప్పవో, అది ముందు తేల్సుకో," అన్నాడు.

వాడి మీద చాలా కోపం వచ్చింది. లేచి వచ్చేశాను.

2225వ రోజు

పొద్దున్నే వెళ్లాను. మినమ్మత్త అరుగు మీద కూర్చుని జీడిపిక్కలు ఏరుతోంది. చట్రం తొడుక్కునే ఉంది. నేను కింద కూర్చుని, పటాలంలో రిపోర్టు ఇచ్చినట్టు మొదటి నుంచి చెప్పాను. తోడు అంటే ఏమిటో, గెడ్డలో ఏం జరిగిందో, గుమ్మం పట్టుకుని నేనెలా జారిపోయానో, ఉప్పు మైదానంలో ఏం జరిగి ఉంటుందో. ఆమె చేతులు పిక్కల్లోనే ఆగిపోయాయి.

"అయితే గవరయ్య ఎల్నేదా?"

"వెళ్లలేదత్తా. అది ఈడ్చుకుపోయింది."

"ఆడు ఆగాలనుకున్నాడా?"

"చేతులు వెనక్కి చాచాడత్తా. ఆగాలనే చూశాడు."

ఆమె ఏడుస్తుందనుకున్నాను. ముఖం మీద నవ్వు వచ్చింది. నాకు భయమేసింది. తర్వాత కళ్లలోంచి నీళ్లు కారాయి గానీ నవ్వు పోలేదు.

"ఆరేల్లు నా కొడుకుని తిట్టుకున్నాను దమయంతీ. ఇంటికాడ మంచంలో తల్లి ఉన్నాదని గ్యాపకం రానేదేట్రా, ఎవడి కోసవో ఎలిపోనావు అని. రోజూ తిట్టీదాన్ని. మంచోడు, మంచోడని నువ్వు ఒచ్చినోల్లందరికీ సెప్తా ఉంటే నాకు ఒల్లు మండిపోయీది. అందుకే లేసి ఎలిపోయీదాన్ని." కొంగుతో ముక్కు తుడుచుకుంది. "ఆడు నన్నొగ్గీసి ఎల్నేదన్నమాట. నా కాడికి రావాలనే సూసినాడు."

ఆరేళ్లు ఈ మనిషి పక్కన కూర్చుని, ఆమె దుఃఖం నాకు తెలుసనుకున్నాను. నేను ఓదార్పు అనుకుని ఇచ్చిందే ఆమెను కాల్చింది.

ఆమె ఒడిలోని పిక్కలు దులుపుకుంది. తర్వాత అడిగింది.

"ఆ మీట ఎవులేసినారు?"

మేజరు వేయమన్నాడు. ఆ మాట నాలుక చివరే ఉంది, అబద్ధం కూడా కాదు.

"నేనే వేశానత్తా."

"అది మనుసుల్ని లాక్కెల్తాదని నీకు తెలుసా?"

"తెలీదత్తా."

"తెలుసుకోనేదా?"

"లేదు."

ఆమె వంగి ఎడమకాలి పట్టీ విప్పింది. తర్వాత రెండోది. పక్షవాతం వచ్చిన చేతికి పట్టు తక్కువ, ఒక్కో పట్టీకీ చాలాసేపు పట్టింది. సాయం చేయబోతే చెయ్యి అడ్డం పెట్టింది. ఆరు పట్టీలూ తనే విప్పుకుంది. చట్రాన్ని రెండు చేతులతో నా వైపు నెట్టింది.

"ఇది నాకొద్దు."

"అత్తా, ఇందులో ఇప్పుడు తోడు లేదు. ఏ ప్రమాదమూ లేదు. నా మీద కోపంతో నీ కాళ్లు..."

"ఇంకెన్ని ఇల్లున్నాయి?"

"తొమ్మిది."

"ఆల్లకీ ఎల్లి సెప్పు. దీరుడు, గొప్పోడు అని మరి సెప్పకు. ఇంటికి రాడానికే సూసినాడని సెప్పు."

"చెప్తానత్తా. నువ్వు లోపలికి ఎలా వెళ్తావు? కనీసం నన్ను..."

"నా ఇంట్లోకి నానెలాగెల్తానో నీకెందుకు? తొమ్మిదిల్లున్నాయన్నావు గదా. ఎల్లు."